బట్టీ పట్టకుండా లోహాన్నీ అలోహాన్నీ ఆవర్తన పట్టికలో గుర్తుపట్టడం ఎలా

హనుమకొండలో పదో తరగతి పిల్లలకు సాయంత్రం పూట సైన్స్ చెబుతుంటాను. లోహాలు, అలోహాలు అనగానే చాలామంది ఒక జాబితా గడగడా అప్పజెబుతారు. లోహాలు మెరుస్తాయి, గట్టిగా ఉంటాయి, కరెంటు పోనిస్తాయి, కొడితే మోగుతాయి. అలోహాలకు ఇవేవీ ఉండవు. మొదట్లో నేనూ అదే రాయించాను. ఒకసారి స్లిప్ టెస్టులో ఒక పిల్లవాడు పాదరసాన్ని అలోహాల్లో, గ్రాఫైట్‌ను లోహాల్లో రాశాడు. నేనిచ్చిన జాబితా పట్టుకుని చూస్తే వాడు రాసింది తప్పనడానికి లేదు. పాదరసం గట్టిగా ఉండదు. పెన్సిల్ పుల్లలో ఉండే గ్రాఫైట్ కర్బనమే, అంటే అలోహం, అయినా మెరుస్తుంది, కరెంటూ పోనిస్తుంది. అప్పటి నుంచి ఆ జాబితాను చివరికి పెట్టి, పాఠాన్ని ఇంకో దారిలో చెబుతున్నాను. మీరు విద్యార్థి అయినా, ఇంట్లో పిల్లలకు చెప్పాలనుకునే తల్లిదండ్రులైనా ఈ దారిలో నడిచి చూడండి.

దీనికి ఒక చార్టు, స్కేలు, పెన్సిల్ కావాలి. రెండు టార్చి సెల్లులు, ఒక చిన్న ఎర్ర ఎల్‌ఈడీ బల్బు, దానికి తోడు 100 ఓమ్‌ల రెసిస్టర్, మూడు నాలుగు తీగ ముక్కలు తెచ్చుకోండి. ఎలక్ట్రానిక్స్ సామాను అమ్మే చోట ఇవి దొరుకుతాయి. ఒక ఇనుప మేకు, కాస్త మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్, అంటే రాగి సమ్మేళనం), వంటింట్లోంచి పసుపు, పాన్ డబ్బా నుంచి సున్నం, ఒక సీసా తాగే సోడా. అంతే.

మొదటి పని: చేతిలో ఉన్నది మూలకమేనా అని అడగండి

పిల్లలు తడబడేది ఎక్కువగా ఇక్కడే. పట్టికలో ఉండేవి మూలకాలు మాత్రమే. ఇత్తడికి అందులో గడి లేదు. జనగామ దగ్గర పెంబర్తిలో రేకును సుత్తితో కొట్టి కొట్టి బొమ్మలు తేలుస్తారే, ఆ ఇత్తడి రాగి, జింకు కలిసిన మిశ్రమలోహం. కంచు అంటే రాగిలో తగరం. ఉక్కు అంటే ఇనుములో కొద్దిగా కర్బనం. నిజామాబాద్ జిల్లా కోనసముద్రంలో ఒకప్పుడు మూసల్లో కాచిన ఉక్కు డమాస్కస్ కత్తుల తయారీకి దేశాలు దాటి వెళ్లింది. అలాంటి ఉక్కులో కర్బనం నూటికి ఒకటి, ఒకటిన్నర పాళ్లు ఉండేది. అంత కొద్దిపాటి అలోహం చేరితేనే ఇనుము గుణం మారిపోయింది.

పేర్లు కూడా మోసం చేస్తాయి. మనం సిల్వర్ గిన్నె అనేది వెండి కాదు, అల్యూమినియం. పెన్సిల్ లెడ్ అంటాం కానీ అందులో సీసం లేదు. గ్రాఫైట్, బంకమట్టి కలిపి చేసిన పుల్ల అది. బయ్యారం గుట్టల్లో దొరికే ఎర్రరాయి ఇనుము కాదు, ఇనుము ఆక్సిజన్‌తో కలిసిన సమ్మేళనం. మన ఎర్ర చెలకలకు ఆ రంగు తెచ్చిందీ ఇనుము ఆక్సైడే. కాబట్టి ఏ వస్తువు చూసినా ముందు "ఇందులో ఏ మూలకాలు ఉన్నాయి?" అని అడిగి, ఆ తర్వాతే పట్టిక దగ్గరికి రండి.

రెండో పని: పట్టిక మీరే గీసి, మెట్ల గీత దించండి

అచ్చు వేసిన పట్టిక గోడకు తగిలించుకుంటే సరిపోదు. మీ చేత్తో గీయండి. అడ్డంగా 7 వరుసలు, వాటిని పీరియడ్లు అంటాం. నిలువుగా 18 నిలువరుసలు, అవి గ్రూపులు. మొత్తం 118 మూలకాలూ నింపాల్సిన పని లేదు. మొదటి 20 మూలకాలు రాసి, తర్వాత 13వ గ్రూపు నుంచి 18వ గ్రూపు దాకా ఆరో పీరియడ్ వరకు నింపితే చాలు. మధ్యలో 3 నుంచి 12 వరకున్న గ్రూపులకు ఒకే రంగు పూసేయండి, అవన్నీ లోహాలే. పట్టిక కింద విడిగా ఉండే రెండు వరుసలూ లోహాలే.

ఇప్పుడు గీత. 13వ గ్రూపులో బోరాన్ గడి ఎడమ గోడ మీద పెన్సిల్ పెట్టి కిందికి దించండి. బోరాన్ అడుగున కుడికి జరగండి. అక్కడ సిలికాన్ ఎడమ గోడ వస్తుంది, దాని వెంట దిగి మళ్లీ అడుగున కుడికి. ఆ తర్వాత ఆర్సెనిక్, టెల్లూరియం, ఆస్టటీన్. వరంగల్ శివనగర్‌లో మెట్లబావి చూసినవాళ్లకు ఈ ఆకారం ఇట్టే గుర్తుంటుంది. గీతకు ఎడమవైపు, కిందివైపు లోహాలు. కుడివైపు, పైవైపు అలోహాలు. మెట్లను ఆనుకుని ఉన్న బోరాన్, సిలికాన్, జెర్మేనియం, ఆర్సెనిక్, ఆంటిమొనీ, టెల్లూరియం అర్ధలోహాలు, అంటే లోహం గుణాలు కొన్ని, అలోహం గుణాలు కొన్ని ఉన్నవి. అల్యూమినియం కూడా మెట్టును ఆనుకునే ఉంటుంది, కానీ అది లోహమే. ఈ ఒక్కటీ వేరే రంగు పెన్నుతో రాసుకోండి.

హైడ్రోజన్‌ను మాత్రం పక్కకు తీసి పెట్టండి. ఎడమ మూలన కూర్చున్నా అది అలోహమే. ఎందుకో చివర్లో తేలుతుంది.

ఇంకో చిన్న వెసులుబాటు ఉంది. అలోహాలని గట్టిగా చెప్పగలిగినవి 17 మాత్రమే: హైడ్రోజన్, కర్బనం, నత్రజని, ఆక్సిజన్, ఫ్లోరిన్, భాస్వరం, గంధకం, క్లోరిన్, సెలీనియం, బ్రోమిన్, అయోడిన్, ఆపైన హీలియం, నియాన్, ఆర్గాన్, క్రిప్టాన్, జీనాన్, రేడాన్. ఎప్పుడైనా తికమకపడితే లోహాలను లెక్కపెట్టకండి, ఈ 17 ఉన్న మూలను చూడండి.

మూడో పని: మూడో పీరియడ్‌లో ఎడమ నుంచి కుడికి నడవండి

పాఠమంతటికీ గుండెకాయ ఇక్కడుంది, నెమ్మదిగా చదవండి. సోడియం, మెగ్నీషియం, అల్యూమినియం, సిలికాన్, భాస్వరం, గంధకం, క్లోరిన్, ఆర్గాన్. ఈ ఎనిమిదింటినీ ఒక కాగితం మీద రాసి, ప్రతిదాని కింద చివరి కక్ష్యలో ఉన్న ఎలక్ట్రాన్ల సంఖ్య వేయండి: 1, 2, 3, 4, 5, 6, 7, 8. ఎనిమిది నిండితే పరమాణువుకు నిలకడ. సోడియం ఆ నిలకడ తెచ్చుకోవాలంటే తనకున్న ఒక్కటీ వదిలేయడం తేలిక, ఇంకో ఏడు సంపాదించడం కష్టం. క్లోరిన్‌కు ఒక్కటి దొరికితే చాలు. ఇచ్చే గుణమున్నది లోహం, తీసుకునే గుణమున్నది అలోహం. కొన్నిచోట్ల అలోహాలు తమలో తాము పంచుకుంటాయి కూడా. ఎనిమిదీ నిండిన ఆర్గాన్‌కు ఇచ్చే పనీ తీసుకునే పనీ లేదు.

ఇది ఊహ కాదు, కొలిచి చూసిందే. సోడియం పరమాణువుల నుంచి ఒక్కో ఎలక్ట్రాన్‌ను పీకడానికి మోల్‌కు 496 కిలోజౌళ్ల శక్తి కావాలి (మోల్ అంటే పరమాణువుల ఒక నిర్దిష్టమైన పెద్ద లెక్క). క్లోరిన్‌కైతే 1251. కారణం చూడండి. సోడియం కేంద్రకంలో 11 ప్రోటాన్లు, క్లోరిన్‌లో 17. రెండింటికీ చివరి కక్ష్య మూడోదే. ఒకే కక్ష్యను ఎక్కువ ప్రోటాన్లు లాగుతుంటే అది దగ్గరికి ముడుచుకుంటుంది, ఎలక్ట్రాన్ మీద పట్టు బిగుస్తుంది. అందుకే కుడికి పోయేకొద్దీ పరమాణువు చిన్నదవుతుంది, ఎలక్ట్రాన్‌ను వదలదు.

ఇప్పుడు పాత జాబితాను దీని మీద పెట్టి చూడండి. లోహపు ముక్కలో ప్రతి పరమాణువూ తన చివరి ఎలక్ట్రాన్లను వదులుగా పట్టుకుంటుంది కాబట్టి అవి ముక్కంతా తిరుగుతుంటాయి. ఆ తిరుగుడే కరెంటును, వేడిని మోస్తుంది. మెరుపూ వాటి వల్లే. కరీంనగర్ వెండి తీగ పని ఎప్పుడైనా దగ్గరగా చూశారా? వెండిని సన్నని తీగలుగా లాగి, వాటిని మెలిపెట్టి, వంచి, పువ్వులు, లతలు అల్లుతారు. తీగ ఎన్ని వంపులు తిరిగినా తెగదు. పరమాణువుల పొరలు ఒకదాని మీద ఒకటి జారినా, వాటి మధ్య తిరిగే ఎలక్ట్రాన్లు అన్నింటినీ కలిపే ఉంచుతాయి. ఇలా తీగగా సాగే గుణాన్నే పుస్తకంలో తాంతవత అంటారు; పెంబర్తి రేకులా కొడితే పరుచుకునే గుణం స్తరణీయత. గంధకం గడ్డను సుత్తితో కొడితే మాత్రం పొడి పొడి అవుతుంది. దాని పొరలు జారితే మళ్లీ పట్టి ఉంచడానికి అలా తిరిగే ఎలక్ట్రాన్లు అందులో లేవు.

జాబితాలోని గుణాలన్నీ కొమ్మలు. వేరు ఎలక్ట్రాన్ దగ్గరుంది.

నాలుగో పని: మూడు ప్రయోగాలు చేయండి

మొదటిది కరెంటుది. రెండు సెల్లులను వరుసగా పెట్టి, ఎల్‌ఈడీ, రెసిస్టర్ కలిపి, మధ్యలో ఒక ఖాళీ వదలండి. ఎల్‌ఈడీ పొడుగు కాలు సెల్లు ప్లస్ వైపే ఉండాలి, లేకపోతే వెలగదు. ఆ ఖాళీలో మేకు పెట్టండి, వెలుగుతుంది. రాగి తీగ, అల్యూమినియం ఫాయిల్, రెండింటికీ వెలుగుతుంది. ఇప్పుడు రెండు కొసలా చెక్కిన పెన్సిల్ పెట్టండి. అదీ వెలుగుతుంది, కాస్త మందంగా. తర్వాత కుంపటిలోని చల్లారిన కట్టెబొగ్గు ముక్క పెట్టండి. చాలాసార్లు వెలగదు. పెన్సిల్ పుల్లలోనూ కర్బనమే, బొగ్గులోనూ ప్రధానంగా కర్బనమే. గ్రాఫైట్‌లో ప్రతి కర్బన పరమాణువూ పక్కవాటిలో మూడింటితోనే ముడి వేసుకుని నాలుగో ఎలక్ట్రాన్‌ను పొర వెంట తిరగనిస్తుంది. వజ్రమూ కర్బనమే, కానీ అందులో నాలుగూ ముడిపడిపోతాయి, అందుకే అది కరెంటు పోనివ్వదు. కరెంటు పరీక్ష ఒక్కదాంతోనే లోహమని తీర్పు ఇవ్వకూడదని పిల్లలకు చెప్పడానికి దీన్ని మించిన ప్రయోగం నాకు తెలియదు. ఇంటి కరెంటు ప్లగ్గుతో ఈ పని ఎట్టి పరిస్థితిలోనూ చేయకండి, సెల్లులే వాడండి.

రెండోది మేకుది. ఎరువులు, పురుగుమందులు అమ్మే దుకాణంలో మైలుతుత్తం అడగండి. ముదురు నీలం పలుకులు ఇస్తారు. పారేసే ప్లాస్టిక్ గ్లాసులో సగం నీళ్లు పోసి ఒక చెంచాడు కలపండి. మేకును ఉప్పు కాగితంతో బాగా రుద్ది, తెల్లగా మెరిశాక నీళ్లలో సగం దాకా ముంచండి. కాసేపటికే మునిగిన భాగం మీద గోధుమ ఎరుపు పూత ఎక్కడం మొదలవుతుంది. ఒక గంట ఉంచి తీస్తే ఎక్కడి వరకు మునిగిందో అక్కడ గీత గీసినట్టు రంగు మారి ఉంటుంది. వేలితో తుడిస్తే పొడిలా వస్తుంది. అది రాగి. నీళ్లలో ఎలక్ట్రాన్లు పోగొట్టుకుని తిరుగుతున్న రాగి అయాన్లకు ఇనుము తన ఎలక్ట్రాన్లను ఇచ్చింది. రాగి లోహమై మేకుకు అంటుకుంది, ఇనుము అయానై నీళ్లలోకి దిగింది. లోహం ఎలక్ట్రాన్ ఇస్తుందన్న మాటను కళ్లతో చూడటమంటే ఇదే. లోహాల్లోనూ ఎక్కువ ఇచ్చేవి, తక్కువ ఇచ్చేవి ఉంటాయని కూడా తెలిసింది. మైలుతుత్తం విషం. వంట పాత్రలు, చెంచాలు దీనికి వాడకండి, పక్కన పెద్దవాళ్లు ఉండాలి, తర్వాత చేతులు సబ్బుతో కడుక్కోవాలి. మిగిలిన నీళ్లు పశువులు తాగే చోట పోయకండి.

మూడోది నాకు అన్నిటికన్నా ఇష్టం. పుస్తకంలో "లోహ ఆక్సైడ్లకు క్షార స్వభావం, అలోహ ఆక్సైడ్లకు ఆమ్ల స్వభావం" అని ఒక వాక్యం ఉంటుంది. దాన్ని బట్టీ పట్టకండి, దిష్టి నీళ్లు కలపండి. గ్లాసు నీళ్లలో చిటికెడు పసుపు, ఆవగింజంత సున్నం వేసి తిప్పితే నీళ్లు ఎర్రబడతాయి. మనింట్లో దిష్టి తీసేటప్పుడు చేసేది ఇదే. సున్నం ఎక్కడిది? సున్నపురాయిని బట్టీలో కాలిస్తే వచ్చేది కాల్షియం ఆక్సైడ్, అంటే ఒక లోహపు ఆక్సైడ్. దానికి నీళ్లు కలిస్తే క్షారం, అదే పాన్‌లో పూసే సున్నం. ఆ క్షారమే పసుపును ఎరుపు చేసింది.

ఇప్పుడు సోడా తీసి ఆ ఎర్రనీళ్లలో కొద్దికొద్దిగా పోయండి. బుడగలు పొంగుతుండగా ఎరుపు విరిగి మళ్లీ పసుపు తేలుతుంది. సున్నం ఎక్కువ వేస్తే సోడా ఎక్కువ పడుతుంది, అందుకే ఆవగింజంత అన్నాను. సోడాలో ఉన్నది కార్బన్ డయాక్సైడ్, ఒక అలోహపు ఆక్సైడ్. నీళ్లలో కలిసి అది ఆమ్లమైంది. పట్టికలో ఎడమవైపు రెండో గ్రూపులోని కాల్షియం, కుడివైపు పద్నాలుగో గ్రూపులోని కర్బనం, రెండూ ఒకే గ్లాసులో ఎదురుబొదురు నిలబడ్డాయి. ఆ నీళ్లు తాగకండి.

ఇక్కడ పిల్లలు తప్పకుండా అడిగే ప్రశ్న ఒకటుంది: తెల్లగా మెత్తగా ఉండే సున్నంలో లోహం ఎక్కడుంది సార్? కాల్షియం విడిగా ఉంటే వెండిలా తెల్లగా మెరిసే లోహమే. నీళ్లు తగిలితే హైడ్రోజన్ వదులుతూ కరిగిపోతుంది కాబట్టి భూమి మీద ఎక్కడా విడిగా దొరకదు. మన ఎముకల్లోనూ అది ఇలా సమ్మేళనంగానే ఉంది.

గంధకాన్ని కాల్చి చూపించాలని కొందరికి ఉబలాటం. ఇంట్లో వద్దు. ఆ పొగ ఊపిరితిత్తులను మండిస్తుంది. బడిలో, గాలి ఆడే చోట, టీచర్ చేస్తేనే చూడాలి.

ఐదో పని: పద్నాలుగో గ్రూపు మెట్లు దిగండి

పైన కర్బనం, అలోహం. దాని కింద సిలికాన్, జెర్మేనియం, అర్ధలోహాలు. ఆ కింద తగరం, సీసం, లోహాలు. ఒకే నిలువరుసలో, చివరి కక్ష్యలో అందరికీ 4 ఎలక్ట్రాన్లే ఉన్నా, పైనుంచి కిందికి దిగేసరికి అలోహం లోహమైంది. కిందికి పోయేకొద్దీ కక్ష్యలు పెరుగుతాయి, చివరి ఎలక్ట్రాన్ కేంద్రకానికి దూరమవుతుంది, పట్టు సడలుతుంది. కుడికి పోతే పట్టు బిగుస్తుంది, కిందికి పోతే సడలుతుంది. ఈ రెండు లాగుళ్లు సరితూగే చోట్లను కలిపితేనే ఆ ఏటవాలు మెట్ల గీత వచ్చింది. గీత ఎందుకు నిలువుగా లేదని ఎవరైనా అడిగితే చెప్పాల్సిన జవాబు ఇదే.

ఈ నిలువరుస మన చుట్టూ పరుచుకుని ఉంది. భూపాలపల్లి, గోదావరిఖని గనుల్లోంచి వచ్చే సింగరేణి బొగ్గులో కర్బనం. కరీంనగర్ గ్రానైట్‌లో ఆక్సిజన్‌తో కలిసిన సిలికాన్. పాత ఇత్తడి గిన్నెల లోపల కళాయిగా తగరం. ఇన్వర్టర్ బ్యాటరీలో సీసం. సిలికాన్ దగ్గర ఒక్క క్షణం ఆగండి. రాగిని వేడి చేస్తే కరెంటు పోనిచ్చే గుణం తగ్గుతుంది. సిలికాన్‌ను వేడి చేస్తే పెరుగుతుంది. చిటికెడు భాస్వరమో బోరానో కలిపితే ఇంకా పెరుగుతుంది. పొలాల దగ్గర సోలార్ పలకలు, మీ చేతిలోని ఫోను ఆ గుణం మీదే నడుస్తున్నాయి.

1871లో ఈ పట్టికను రూపొందించిన రష్యా శాస్త్రవేత్త మెండలీవ్ ఈ నిలువరుసలోనే సిలికాన్ కింద ఒక గడి ఖాళీగా ఉంచి, అక్కడ ఉండాల్సిన మూలకం ఎలా ఉంటుందో ముందే రాశాడు. 1886లో జెర్మేనియం దొరికింది, ఆయన రాసినట్టే ఉంది. పట్టికలో చోటు తెలిస్తే గుణం తెలుస్తుందనడానికి ఇంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

ఆరో పని: దారి తప్పించే వాటిని ఒక చోట రాసుకోండి

పాదరసం మామూలు వేడిలో ద్రవంగా ఉండే లోహం. గాలియం 30 డిగ్రీల దగ్గర కరుగుతుంది. మన మే నెల ఎండలో నీడలో పెట్టినా కరిగిపోతుంది. సోడియాన్ని కత్తితో కోయొచ్చు, నీటికంటే తేలిక, గాలి తగలకుండా కిరోసిన్‌లో ఉంచుతారు. ఇవన్నీ లోహాలే. బ్రోమిన్ ద్రవంగా ఉండే అలోహం. అయోడిన్ పలుకులు మెరుస్తాయి. కర్బనమే అయిన వజ్రం సహజంగా దొరికేవాటిలో అన్నిటికంటే గట్టిది, వేడిని రాగి కంటే బాగా మోస్తుంది. ఇవి అలోహాలు.

ఏడో పని: పట్టిక లేకుండా నంబరుతోనే తేల్చండి

పరీక్షలో పరమాణు సంఖ్య (కేంద్రకంలోని ప్రోటాన్ల సంఖ్య) ఇచ్చి లోహమా అలోహమా అని అడిగితే టెన్షన్ పడకండి. ఆరు అంకెలు గుర్తుంచుకోండి: 2, 10, 18, 36, 54, 86. ఇవి జడవాయువులు, నిండు కుండలు. ఇచ్చిన సంఖ్య వీటిలో దేనికి దగ్గరో చూడండి. ఒకటి రెండు ఎక్కువైతే అది ఇచ్చే మూలకం, లోహం. ఒకటి రెండు తక్కువైతే తీసుకునే మూలకం, అలోహం. రెండింటికీ దూరంగా, నడి మధ్యలో ఉంటే లోహం. ఇనుము 26 అలాంటిదే. మూడు, నాలుగు, ఐదు తక్కువైతే మెట్ల గీత దగ్గరున్నట్టు, పీరియడ్ చూడాలి: పైన ఉంటే అలోహం వైపు, కింద ఉంటే లోహం వైపు. 84, అంటే పొలోనియం, 86కు రెండే తక్కువైనా బాగా అడుగున ఉంది కాబట్టి లోహం వైపే మొగ్గుతుంది. 52, అంటే టెల్లూరియం, 54కు రెండే తక్కువైనా మెట్లను ఆనుకుని ఉన్న అర్ధలోహం.

ఒకటి చేసి చూద్దాం. 34. దగ్గరున్నది 36, రెండు తక్కువ. తీసుకుంటుంది, అలోహం, 16వ గ్రూపు. అది సెలీనియం. ఇంకొకటి, 82. 86కు నాలుగు తక్కువ, 14వ గ్రూపు, కానీ ఆరో పీరియడ్, కాబట్టి లోహం. అది సీసం. మొదట్లో పక్కన పెట్టిన హైడ్రోజన్‌ను ఇప్పుడు తీయండి. దాని సంఖ్య 1, హీలియం 2కు ఒక్కటి తక్కువ.

56, 35, 13 మీరు చేయండి. 13 దగ్గర తొందరపడకండి, వేరే రంగు పెన్నుతో ఏం రాసుకున్నారో ఒకసారి చూడండి.